చార్లీ వాట్స్: అంత సాదాగా వాయించిన డ్రమ్మర్‌ను అంత గొప్పగా ఎందుకు చెప్పుకొంటారు?

కొత్త_చేతులు:
అందరికీ నమస్కారం. నేను హైదరాబాదులో డ్రమ్స్ నేర్చుకుంటున్నాను. ఇన్నాళ్లూ లెడ్ జెప్పెలిన్ బృందపు జాన్ బోన్‌హామ్‌నూ, ద హూ బృందపు కీత్ మూన్‌నూ వింటూ, ఆ వేగం నా చేతులకు ఎప్పుడు పట్టుబడుతుందా అని ఎదురుచూస్తున్నాను. మా గురువుగారు మాత్రం వాళ్లిద్దరినీ కొన్నాళ్లు పక్కన పెట్టి, రోలింగ్ స్టోన్స్‌లో వాయించిన చార్లీ వాట్స్‌ను వినమన్నారు. శ్రద్ధగానే విన్నాను. సోలో అన్నది లేదు. నాలుగే డ్రమ్ముల చిన్న కిట్. ఒక పాటలో ఏం వాయించారో, కొద్దిపాటి తేడాతో ఇంకో పాటలోనూ అదే వాయించినట్టు అనిపించింది. 1963 నుంచి 2021 దాకా ఒకే బృందంలో నిలబడటం గొప్ప సంగతే, కాదనను. కానీ ఆ దీర్ఘకాలాన్ని చూసి ఇచ్చే గౌరవమేనా ఇది, లేక వాద్యంలో నా చెవికి అందనిది ఏదైనా ఉందా? తెలిసినవారు వివరంగా చెప్పగలరు.

వెంబ్లీ_వాసి:
ఉంది. అయితే దానికోసం రాక్ సంగీతంలో వెతికితే దొరకదు, ఎందుకంటే ఆయన అక్కడినుంచి వచ్చినవారు కారు. నేను ఉద్యోగరీత్యా చాలా ఏళ్లుగా వెంబ్లీలో ఉంటున్నాను. ఆయన పెరిగింది ఈ ప్రాంతంలోనే కాబట్టి కొంచెం ఎక్కువగా రాస్తే విసుక్కోకండి.

చార్లీ వాట్స్ 1941 జూన్ 2న లండన్‌లో పుట్టారు. తండ్రి రైల్వే సంస్థలో లారీ డ్రైవరు. యుద్ధంలో ఇళ్లు కూలిపోయినవారి కోసం హడావిడిగా నిలబెట్టిన ప్రీఫ్యాబ్ ఇళ్ల వరుసలో వాళ్ల కుటుంబం ఉండేది. పక్కింటి పిల్లవాడు డేవ్ గ్రీన్. ఇద్దరూ కలిసి జాజ్ రికార్డులు వింటూ పెరిగారు. ఆ గ్రీన్ తర్వాత పేరున్న జాజ్ బేస్ వాద్యకారుడయ్యారు, చార్లీ చివరి దశలో పెట్టుకున్న జాజ్ బృందాల్లోనూ ఆయనే బేస్ వాయించారు.

చార్లీ మొదట కొన్నది బాంజో. దాని మెడమీద ఉండే చుక్కలు ఆయనకు నచ్చలేదట. సరిగ్గా అప్పుడే జెరీ మల్లిగన్ రికార్డు ఒకదానిలో చికో హామిల్టన్ డ్రమ్ముల మీద తీగల కుంచెలతో, అంటే బ్రష్‌లతో, వాయించడం విన్నారు. వెంటనే బాంజో మెడ ఊడదీసి, గుండ్రటి భాగాన్ని స్టాండు మీద పెట్టుకుని, దాన్నే స్నేర్ డ్రమ్ముగా, అంటే కిట్‌లో ముందు ఉండే చురుకైన శబ్దపు చిన్న డ్రమ్ముగా, చేసుకుని బ్రష్‌లతో వాయించడం మొదలుపెట్టారు. పద్నాలుగేళ్ల వయసులో తల్లిదండ్రులు అసలైన కిట్ కొనిపెట్టారు. ఈ వరుస గమనించండి. ఆయన చేతికి మొదట అలవాటైంది కర్ర కాదు, బ్రష్. మొదట నేర్చుకున్నది బలంగా కొట్టడం కాదు, మెల్లగా తుడిచినట్టు వాయించడం.

హారో ఆర్ట్ స్కూల్లో చదివి, ఒక ప్రకటనల సంస్థలో డిజైనరుగా చేరారు. సాయంత్రాలు ఎక్కడ అవకాశముంటే అక్కడ వాయించేవారు. 1962లో అలెక్సిస్ కోర్నర్ తన బ్లూస్ ఇన్‌కార్పొరేటెడ్ బృందంలోకి పిలిచారు. తర్వాత అక్కడ ఆయన స్థానంలోకి వచ్చిన డ్రమ్మర్ జింజర్ బేకర్. స్టోన్స్ కుర్రాళ్లకు చార్లీ కావాలని ఎంతో కోరిక ఉన్నా, ఆయనకు ఇచ్చుకునే స్తోమత లేదు. ఆయన జీతం కోసం తిండి ఖర్చు కూడా తగ్గించుకున్నామని స్టోన్స్ గిటారు వాద్యకారుడు కీత్ రిచర్డ్స్ తన ఆత్మకథలో రాసుకున్నారు. చివరికి 1963 జనవరిలో చేరారు. అప్పటికాయన దృష్టిలో ఇది ఇంకొక బృందం మాత్రమే, కొన్నాళ్లుండి వెళ్లిపోయేదే.

కిట్టు_డ్రమ్స్:
చరిత్ర వెంబ్లీ_వాసి గారు చెప్పారు కాబట్టి నేను చేతుల సంగతి చెబుతాను. కొత్త_చేతులు గారూ, ఈసారి వినకండి, చూడండి. ఏదైనా ప్రదర్శన వీడియో పెట్టుకుని ఆయన కుడిచేతిని మాత్రమే గమనించండి.

మామూలు రాక్ డ్రమ్మర్ కుడిచేత్తో హై-హ్యాట్ మీద, అంటే స్టాండుకు బిగించిన జంట తాళాల మీద, ఒక కొలతకు ఎనిమిది దెబ్బలు ఆపకుండా వేస్తాడు. ఎడమచెయ్యి రెండో లెక్క మీద, నాలుగో లెక్క మీద స్నేర్‌ను కొడుతుంది. దాన్నే బ్యాక్‌బీట్ అంటాం. అంటే ఆ రెండు చోట్లా హై-హ్యాట్, స్నేర్ ఒకేసారి మోగుతాయి. చార్లీ అలా చేయరు. స్నేర్ దెబ్బ పడే క్షణంలో కుడిచేతిని హై-హ్యాట్ మీదనుంచి పైకి లేపేస్తారు. ఎనిమిది దెబ్బల్లో రెండు లేకుండా పోతాయి. అందువల్ల స్నేర్ శబ్దాన్ని కప్పేది ఏదీ ఉండదు, ఆ దెబ్బ ఒంటరిగా, శుభ్రంగా వినిపిస్తుంది. పైగా చెయ్యి లేచి మళ్లీ దిగాలి కాబట్టి, ప్రతి బ్యాక్‌బీట్ చుట్టూ కంటికి కనిపించనంత సందు ఏర్పడుతుంది. పాటకు ఊగు వచ్చేది ఆ సందులోంచే. మీరు ఇంట్లో ప్రయత్నించి చూడండి. అలవాటు లేని చేతికి ఇది డబుల్ బేస్ పెడల్ కంటే కష్టంగా ఉంటుందని నా అనుభవం.

ఇంకొకటి, ఆయన ఎడమచేతి పట్టు. కర్రను అరచేతి మీద పడుకోబెట్టి పట్టుకునే పాత జాజ్ పట్టు అది. రాక్ డ్రమ్మర్లలో ఎక్కువమంది రెండు చేతులతోనూ సుత్తి పట్టుకున్నట్టు పట్టుకుంటున్న రోజుల్లోనూ, స్టేడియాల్లో వేలమంది ముందు కూడా, ఆయన దాన్ని వదల్లేదు. కిట్ కూడా అంతే. 1957 నాటి గ్రెచ్ కిట్‌ను దశాబ్దాల పాటు వాడారు.

మృదంగప్రియ:
నాకు రాక్ సంగీతంతో పరిచయం తక్కువ, మృదంగం కొంతవరకు నేర్చుకున్నాను. మీ చర్చ చదివి కొన్ని పాటలు విన్నాను. ఒక సందేహం ఉంది. మా పాఠాల్లో మొట్టమొదట చెప్పేది కాలప్రమాణం. ఎత్తుకున్న వేగంలోనే ముగించాలి, పరుగెత్తకూడదు, జారకూడదు. 1969 నాటి "హాంకీ టాంక్ విమెన్" అనే పాటను ఒకటికి నాలుగుసార్లు విన్నాను. మొదట్లో ఉన్న వేగానికీ చివర్లో ఉన్న వేగానికీ స్పష్టమైన తేడా ఉంది. ఆరంభంలో మోగే గంటకూ, దాని వెనక వచ్చే డ్రమ్ముకూ పొంతన కూడా సరిగా కుదిరినట్టు లేదు. సభలో ఇలా వాయిస్తే ముందు వరుసలోని పెద్దలు తొడమీద తాళం ఆపేసి ముఖం చూస్తారు. మరి లయను పట్టి ఉంచేవాడిగా ఈయనకింత పేరెలా వచ్చింది?

కిట్టు_డ్రమ్స్:
మృదంగప్రియ గారు చాలా కచ్చితంగా విన్నారు. ఆ గంట కౌబెల్. దాన్ని వాయించింది చార్లీ కాదు, రికార్డు నిర్మాత జిమ్మీ మిల్లర్. అది మొదలయ్యాక డ్రమ్స్ వచ్చి కలిసే చోట నిజంగానే చిన్న ఒరిపిడి ఉంది. వేగం పెరగడమూ నిజమే. దాన్ని సరిదిద్దకుండానే విడుదల చేశారు.

దీనికి బేస్ వాయించిన బిల్ వైమన్ ఇచ్చిన వివరణ నాకు నచ్చుతుంది. తక్కిన బృందాల్లో అందరూ డ్రమ్మర్‌ను అనుసరిస్తారు, స్టోన్స్‌లో మాత్రం డ్రమ్మర్ కీత్ రిచర్డ్స్ గిటారును అనుసరిస్తాడు. అందువల్ల గిటారుకూ డ్రమ్ముకూ నడుమ వెంట్రుకవాసి ఆలస్యం ఉంటుంది. వైమన్‌కేమో రవ్వంత ముందుగా అందుకునే అలవాటు. ఈ ముగ్గురి మధ్య తేడాతో సంగీతం ఇప్పుడో ఇంకాసేపట్లోనో విడిపోతుందేమో అన్నట్టు ఊగుతుంది, కానీ విడిపోదు. చార్లీ కూడా వేదిక మీద తనకు కీత్ గిటారు బాగా వినపడాలని కోరుకునేవారు.

కాబట్టి కాలప్రమాణం అన్న కొలత తప్పని నేను అనను. ఆ కొలత పెట్టాల్సింది ఒక్క డ్రమ్మర్‌కు కాదు, కలిసి నడిచే ఆ ముగ్గురికీ. "హాంకీ టాంక్ విమెన్"లో వేగం ఎక్కడో ఒకచోట కాలు జారినట్టు హఠాత్తుగా పెరగదు. పాట వేడెక్కే కొద్దీ అందరూ కలిసే పైకి వెళతారు.

మృదంగప్రియ:
మీ వివరణ అర్థమైంది. వేగం పెరగడాన్ని నేనింకా గుణంగా ఒప్పుకోలేను. అయితే ఒక మాట. కచేరీలో పాటకు వాయించేటప్పుడు లెక్కల ప్రదర్శన లేకుండా సర్వలఘు నడకలో సాగిపోవడం అన్నిటికంటే కష్టమని మా గురువుగారు అనేవారు. తని ఆవర్తనంలో, అంటే మృదంగం ఒంటరిగా వాయించే భాగంలో, ఎవరైనా చప్పట్లు కొట్టించుకోగలరు, కృతి సాగుతున్నంతసేపు గాయకుడికి దారి ఇవ్వడమే అసలు పరీక్ష అని వారి అభిప్రాయం. కొత్త_చేతులు గారు "సోలో లేదు" అని రాసినప్పుడు నాకు ఆ మాటే గుర్తొచ్చింది. సోలో వద్దనుకోవడం ఈయన నిర్ణయమా, లేక చేతకాకపోవడమా?

వెంబ్లీ_వాసి:
నిర్ణయమే. తనకు డ్రమ్ సోలోలంటే ఇష్టం లేదని ఆయన పలుమార్లు చెప్పారు. నచ్చేది నృత్యానికి వీలుగా ఉండే సంగీతమట.

పాతరికార్డు:
నేనొక అభిమానిని; అందుకే అభిమానులు సాధారణంగా దాటవేసే భాగం గురించి రాస్తాను. స్టోన్స్ పాటలన్నిటిలో డ్రమ్స్ చార్లీవి కావు. "యూ కాంట్ ఆల్వేస్ గెట్ వాట్ యూ వాంట్" పాటకు జిమ్మీ మిల్లర్ మనసులో ఉన్న నడక చార్లీ చేతికి రాలేదు. చివరికి మిల్లరే కూర్చుని వాయించారు, రికార్డులో ఉన్నది అదే. "హ్యాపీ"లోనూ డ్రమ్స్ మిల్లర్‌వే. "ఇట్స్ ఓన్లీ రాక్ అండ్ రోల్" పాటలో వాయించింది ఫేసెస్ బృందపు కెన్నీ జోన్స్. తర్వాత కీత్ మూన్ చనిపోయాక ద హూ లో చేరినది ఈయనే. ఇక్కడ నేను మెచ్చుకునే విషయం ఏమిటంటే, అంత పేరున్న డ్రమ్మర్ తన స్థానంలో నిర్మాత కూర్చున్నందుకు అలగలేదు. ఆ తర్వాత ప్రదర్శనల్లో మిల్లర్ వేసిన నడకనే తానూ వాయించారు.

ఇక వినాల్సినవి. 1965 నాటి "సాటిస్‌ఫాక్షన్"లో స్నేర్ రెండు, నాలుగు లెక్కల మీదే కాకుండా నాలుగింటి మీదా పడుతుంది. గిటారు స్వరం అంతగా తిరుగుతున్నా పాట నిటారుగా నిలబడేది ఆ నాలుగు దెబ్బల మీదే. 1968 నాటి "స్ట్రీట్ ఫైటింగ్ మ్యాన్" కథ ఇంకా తమాషాగా ఉంటుంది. దాని మూలాన్ని చిన్న క్యాసెట్ రికార్డరులో పట్టారు. చార్లీ వాయించింది పాతవస్తువుల దుకాణంలో కొన్న 1930ల నాటి సాధన కిట్. చిన్న పెట్టెలో ఇమిడిపోయే ఆ కిట్‌లోని డ్రమ్ములు మువ్వలు లేని కంజీరలంత ఉండేవి. తీగ కొక్కేల్లో వాటిని తగిలించి, నేల మీద కూర్చుని వాయిస్తే, ఆ శబ్దాన్ని క్యాసెట్ యంత్రం తట్టుకోలేక చీలిపోయింది. ఆ చీలికే పాటకు బలమైంది. వీధి అల్లర్ల గురించిన పాటలో వినపడే ఆ పెద్ద మోత వెనక ఉన్నది దాదాపు ఆటవస్తువు.

1978 నాటి "మిస్ యూ"లో డిస్కో పద్ధతిలో బేస్ డ్రమ్ నాలుగు లెక్కల మీదా పడుతుంది. రాక్ అభిమానులు డిస్కోను ఈసడించుకుంటున్న కాలంలో ఆయన ఏ బిడియమూ లేకుండా ఆ నడకను తెచ్చుకున్నారు. అమెరికాలో అది మొదటి స్థానానికి చేరింది.

రంగులగీత:
డ్రమ్స్ గురించి నాకు తెలియదు. వృత్తిరీత్యా గ్రాఫిక్ డిజైనర్‌ను. మా రంగంలోవాళ్లకు ఆయన ఇంకో విధంగా ఆత్మీయుడు. చదువుకునే రోజుల్లోనే జాజ్ సాక్సోఫోన్ వాద్యకారుడు చార్లీ పార్కర్ జీవితాన్ని ఒక పక్షి కథగా బొమ్మలతో రాశారు. స్టోన్స్‌కు పేరొచ్చాక అది పుస్తకంగా అచ్చయింది. 1967 నాటి "బిట్వీన్ ద బటన్స్" ఆల్బమ్ వెనక అట్ట మీది కార్టూన్లూ ఆయనవే. తర్వాతి దశాబ్దాల్లో భారీ పర్యటనలకు వేదికలు రూపొందించేటప్పుడు గాయకుడు మిక్ జాగర్‌తో పాటు ఆయన కూడా కూర్చుని నమూనాలు చూసేవారు.

1975 మే 1న న్యూయార్క్‌లో పర్యటన ప్రకటించడానికి పత్రికలవాళ్లను ఒక హోటలుకు పిలిచారు. వాళ్లు లోపల ఎదురుచూస్తుంటే, బృందం ఒక లారీ మీద ఎక్కి, ఫిఫ్త్ ఎవెన్యూలో వాయిస్తూ వచ్చేసింది. ఆ ఆలోచన చార్లీదే. పూర్వం న్యూ ఆర్లీన్స్‌లో జాజ్ బృందాలు తమ కార్యక్రమాల ప్రచారానికి బండ్ల మీద వాయిస్తూ ఊరు తిరిగేవని ఆయనకు తెలుసు. మన ఊళ్లలో సినిమా బండి మైకు పెట్టుకుని తిరిగినట్టే అన్నమాట.

ఇంకో అలవాటు. 1967 నుంచి పర్యటనల్లో తాను పడుకున్న ప్రతి హోటల్ మంచం బొమ్మా గీసేవారు. మనుషులుండరు, పార్టీలుండవు, మంచం, దీపం, టెలిఫోన్. రాక్ బృందాల పర్యటనల గురించి ప్రచారంలో ఉన్న కథలతో దీన్ని పోల్చి చూసుకోండి.

జయనగర్_తెలుగు:
2003 ఏప్రిల్‌లో వాళ్లు తొలిసారి మన దేశంలో వాయించారు, బెంగళూరులోనూ తర్వాత ముంబయిలోనూ. బెంగళూరు ప్యాలెస్ గ్రౌండ్స్‌లో వాన పడింది, బురదలో నిలబడి చూశాం. జనమంతా జాగర్‌ను చూస్తుంటే నేను వెనక కూర్చున్న మనిషిని చూశాను. అరవై దాటిన వయసులో, ఆఫీసులో లెక్కలు చూసుకునే పెద్దమనిషిలా నిటారుగా కూర్చుని, భుజం కదలకుండా మణికట్టుతోనే వాయించారు. కిట్టు_డ్రమ్స్ గారు చెప్పిన చెయ్యి లేపడం నాకప్పుడు తెలియదు గానీ, ఆ చెయ్యి ఎందుకో మాటిమాటికీ గాల్లో ఉండటం మాత్రం గుర్తుంది.

కొత్త_చేతులు:
ఇంత ఓపికగా రాసినందుకు అందరికీ కృతజ్ఞతలు. చెయ్యి లేపి వాయించడానికి ప్రయత్నించాను. పట్టుమని రెండు నిమిషాలు నిలబెట్టలేకపోయాను. ఇంకో ప్రశ్న. జాజ్ మీద అంత ప్రేమ ఉన్న మనిషి జీవితమంతా రాక్ బృందంలో ఎలా ఇమిడిపోయారు? మానేయాలని అనిపించలేదా?

వెంబ్లీ_వాసి:
అనిపించిందని ఆయనే చాలాసార్లు చెప్పారు. ప్రతి పర్యటన చివరా ఇక చాలనుకునేవారట. స్టోన్స్‌కు ఇరవై ఐదేళ్లు నిండే రోజుల్లో ఎవరో అడిగితే, అందులో ఐదేళ్లు పనిచేశాననీ, మిగతా ఇరవై ఏళ్లు ఊరికే వేచి ఉండటంతో గడిచిపోయాయనీ అన్నారు. నాకు తెలిసి ఈ వృత్తి గురించి అంతకంటే నిజాయితీగా మాట్లాడినవారు లేరు.

1980ల నడుమ ఆయన జీవితం గాడి తప్పింది. అప్పటిదాకా బృందంలో అందరికంటే కుదురైన మనిషి, నలభై దాటాక మద్యం, హెరాయిన్ పాలయ్యారు. జాగర్, రిచర్డ్స్ మధ్య మాటలు లేని రోజులవి. 1985 డిసెంబరులో బృందానికి మొదటినుంచీ పియానో వాయించిన ఇయాన్ స్టూవర్ట్ కూడా పోయారు. ఒకరోజు సీసా కోసం నేలమాళిగలోకి దిగుతూ మెట్ల మీద పడి చీలమండ విరగ్గొట్టుకున్నారు. రానీ స్కాట్స్ జాజ్ క్లబ్బులో వాయించాల్సిన సమయానికి దగ్గర్లోనే అది జరిగింది. అంతటితో అన్నీ మానేశారు.

విచిత్రమేమిటంటే, ఆ చెడ్డకాలంలోనే ఆయన చిన్ననాటి కోరిక తీరింది. ముప్పై మందికి పైగా వాద్యకారులతో పెద్ద జాజ్ ఆర్కెస్ట్రా పెట్టారు. ఫుల్‌హామ్ టౌన్ హాల్‌లో వాళ్లు వాయించిన కార్యక్రమం 1986లో రికార్డుగా వచ్చింది. క్రీమ్ బృందంలో బేస్ వాయించిన జాక్ బ్రూస్ అందులో చెల్లో వాయించారు. కొసమెరుపు ఏమిటంటే, యజమాని తానే అయినా చార్లీ పక్కన మరో ఇద్దరు డ్రమ్మర్లను కూర్చోబెట్టుకున్నారు. అంత పెద్ద బృందాన్ని పోషించడం మామూలు జాజ్ వాద్యకారుడి వల్ల కాదు. అక్కడ ఖర్చయింది స్టోన్స్ డబ్బే. మీ ప్రశ్నకు సగం జవాబు ఇందులో ఉంది. తర్వాత పీటర్ కింగ్, డేవ్ గ్రీన్ తదితరులతో ఐదుగురి బృందం పెట్టి, చార్లీ పార్కర్ స్మృతిలో రికార్డులు చేశారు. 2009 నుంచి నలుగురి బూగీ-వూగీ (హుషారైన పియానో బ్లూస్) బృందం ఒకటి నడిపారు. ఆక్సెల్, బెన్, చార్లీ, డేవ్ అన్న పేర్ల తొలి అక్షరాలతో దానికి ఏబీసీ అండ్ డీ అని పేరు పెట్టుకున్నారు. మధ్యలో 2004లో గొంతు క్యాన్సర్ వచ్చింది. రేడియేషన్ చికిత్సతో కోలుకుని మళ్లీ స్టేడియాలకు వెళ్లారు.

పాతరికార్డు:
ఆమ్‌స్టర్‌డామ్ హోటల్లో చార్లీ జాగర్‌ను కొట్టిన కథ ఎవరైనా ఎత్తుకుంటారేమోనని చూస్తున్నాను. కీత్ చెప్పిన కథ అది, అందరికీ తెలిసిందే. నాకు దానికంటే 1969లో న్యూయార్క్ మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో రికార్డు చేసిన ప్రదర్శనలో, ఈ రాత్రి చార్లీ బాగా వాయిస్తున్నాడు కదా అని జాగర్ జనాన్ని అడిగిన మాటే విలువైనదిగా కనిపిస్తుంది. ఆ ఆల్బమ్ అట్ట మీద గాయకుడి బొమ్మ ఉండదు. గాడిద పక్కన గాల్లోకి ఎగురుతున్న చార్లీ ఉంటారు.

మృదంగప్రియ:
ఆయన పోయాక ఆ స్థానంలో ఎవరు కూర్చున్నారు? పాటల నడకలో తేడా వచ్చిందా?

కిట్టు_డ్రమ్స్:
చార్లీ చివరి ప్రదర్శన 2019 ఆగస్టు 30న మయామీ దగ్గర జరిగింది. 2021 పర్యటనకు ముందు చికిత్స చేయించుకోవాల్సి వచ్చి తప్పుకున్నారు. ఆగస్టు 24న లండన్‌లో ఎనభయ్యో ఏట కన్నుమూశారు. ఆ స్థానంలోకి స్టీవ్ జోర్డన్ వచ్చారు. తనతో కాకుండా ఇంకెవరితోనైనా వాయించాల్సి వస్తే జోర్డన్‌ను పెట్టుకోమని చార్లీయే ఎన్నో ఏళ్ల కిందట చెప్పారని కీత్ అంటారు. సెప్టెంబరు 26న సెయింట్ లూయిస్‌లో పర్యటన మొదలైనప్పుడు, ఖాళీ వేదిక మీద ముందు డ్రమ్స్ శబ్దమూ, తెర మీద చార్లీ చిత్రాలూ మాత్రమే వచ్చాయి.

జోర్డన్ దెబ్బ గట్టిది, కాలం మరింత బిగువుగా ఉంటుంది. మృదంగప్రియ గారికి బహుశా జోర్డనే ఎక్కువ నచ్చుతారు. నాకు మాత్రం పాటలు కాస్త ఎక్కువ నిటారుగా నిలబడినట్టు అనిపిస్తుంది.

రెండింటినీ పక్కపక్కన పోల్చాలంటే 2023లో వచ్చిన "హ్యాక్నీ డైమండ్స్" ఆల్బమ్ చాలు. ఎక్కువ పాటల్లో జోర్డన్ వాయించారు. "మెస్ ఇట్ అప్", "లివ్ బై ద స్వోర్డ్" అన్న రెండింటిలో 2019లో రికార్డు చేసిన చార్లీ వాద్యం ఉంది. రెండోదానిలో, బృందాన్ని వదిలి దాదాపు ముప్పై ఏళ్లయిన బిల్ వైమన్ కూడా వచ్చి బేస్ వాయించారు. కాబట్టి కీత్, వైమన్, చార్లీల నడుమ ఆ వెంట్రుకవాసి తేడా అందులో మళ్లీ దొరుకుతుంది. కొత్త_చేతులు గారు ముందు దాన్ని హెడ్‌ఫోన్లు పెట్టుకుని వినండి, తర్వాత అదే ఆల్బమ్‌లో జోర్డన్ వాయించిన "యాంగ్రీ" వినండి. ఆ తర్వాత మీ గురువుగారితో మాట్లాడండి.